రద్దయిన స్థానాలు, మిగిలిన ఊళ్లు

2009 లోక్‌సభ ఎన్నికల్లో అరకు బరిలో ఇద్దరు సిట్టింగ్ ఎంపీలు తలపడ్డారు. కాంగ్రెస్ నుంచి వైరిచర్ల కిశోర్ చంద్రదేవ్, సీపీఎం నుంచి మిడియం బాబూరావు. ఒక్క స్థానానికి ఇద్దరు సిట్టింగులేమిటని చదివేవాళ్లకు అనుమానం రావచ్చు. కిశోర్ చంద్రదేవ్ 2004లో గెలిచింది పార్వతీపురం నుంచి. బాబూరావు గెలిచింది భద్రాచలం నుంచి. ఐదేళ్లు గడిచేసరికి ఆ రెండు లోక్‌సభ స్థానాలూ పటంలో లేకుండా పోయాయి. కొండ ప్రాంతపు ఓటర్లలో చాలామంది కొత్తగా పుట్టిన అరకులోకి వచ్చారు. వాళ్ల వెనకే ఎంపీలూ వచ్చారు. గెలుపు కిశోర్ చంద్రదేవ్‌ది.

ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 2008 నియోజకవర్గాల పునర్విభజనతో మాయమైన లోక్‌సభ స్థానాలు ఏడు: పార్వతీపురం, బొబ్బిలి, భద్రాచలం, తెనాలి, సిద్దిపేట, హనుమకొండ, మిర్యాలగూడ. వాటికి బదులుగా వచ్చినవీ ఏడే: అరకు, విజయనగరం, మల్కాజిగిరి, చేవెళ్ల, జహీరాబాద్, భువనగిరి, మహబూబాబాద్. మొత్తం 42 అలాగే ఉంది. రెండు జాబితాలనూ పక్కపక్కన పెట్టి చూస్తే సంగతి తేలిగ్గానే అర్థమవుతుంది. పోయినవాటిలో ఎక్కువ భాగం పల్లెలు, ఏజెన్సీ గూడేలు, చిన్న పట్నాలు. వచ్చినవాటిలో మల్కాజిగిరి, చేవెళ్ల హైదరాబాద్‌ను ఆనుకుని ఉన్నవి. 2014 నాటికి మల్కాజిగిరి ఓటర్లు 31 లక్షలు దాటి, దేశంలోకెల్లా పెద్ద లోక్‌సభ స్థానమైంది.

ఇందులో ఎవరి కుట్రా లేదు. ఉన్నదల్లా లెక్క. ఆ లెక్కను ముప్పై ఏళ్లపాటు అటకెక్కించడం వల్ల వచ్చిన చిక్కు మాత్రం ఉంది. జనాభా ప్రకారం నియోజకవర్గాల హద్దులు గీయడానికి 1952, 1963, 1973లలో కమిషన్లు వేశారు. ఆపైన 1976లో 42వ రాజ్యాంగ సవరణ తలుపు మూసేసింది. కుటుంబ నియంత్రణ పాటించిన రాష్ట్రాలు సీట్లు పోగొట్టుకోకూడదని 1971 జనగణన అంకెలనే కొలమానంగా ఉంచేశారు. ఉద్దేశం మంచిదే. అయితే సీట్ల సంఖ్యతోపాటు రాష్ట్రం లోపలి హద్దులు కూడా బిగుసుకుపోయాయి. ఈలోగా పల్లె జనం బస్సెక్కి హైదరాబాద్ చేరారు. పి.జనార్దన్‌రెడ్డి ప్రాతినిధ్యం వహించిన ఖైరతాబాద్ అసెంబ్లీ స్థానం ఊరంత నుంచి జిల్లా అంతయింది. దాని ఓటూ, విజయనగరం జిల్లా సతివాడ ఓటూ కాగితం మీదే సమానం.

చివరికి హద్దులు మళ్లీ గీయడానికి 2002లో డీలిమిటేషన్ చట్టం వచ్చింది. జస్టిస్ కుల్దీప్ సింగ్ అధ్యక్షతన కమిషన్ ఏర్పడింది. 2003లో 87వ సవరణ 2001 జనాభా లెక్కలను ప్రాతిపదిక చేసింది. మొత్తం సీట్లు పెరగవు, రాష్ట్రం లోపల సర్దుబాటు మాత్రమే. 2001లో ఉమ్మడి రాష్ట్ర జనాభా సుమారు 7.62 కోట్లు. దాన్ని 294తో భాగిస్తే అసెంబ్లీ స్థానానికి సగటున 2.59 లక్షలు. 42తో భాగిస్తే లోక్‌సభ స్థానానికి 18 లక్షలకు పైన. ఈ సగటుకు అందని పల్లె స్థానాల మెడ మీద కత్తి వేలాడింది. పక్కవాటితో కలపడమో, ముక్కలు చేసి పంచడమో తప్ప కమిషన్‌కు మరో దారి లేదు. రాష్ట్రానికి ఐదుగురు ఎంపీలు, ఐదుగురు ఎమ్మెల్యేలు సహ సభ్యులుగా కూర్చున్నారు. వాళ్లు మాట్లాడొచ్చు, ఓటు వేయడానికి లేదు. ఉత్తర్వు గెజిట్‌కెక్కాక కోర్టులో సవాలు చేయడానికీ వీల్లేదని రాజ్యాంగం 329వ అధికరణంలోనే ఉంది.

ఫలితం ప్రాంతాలవారీగా చూస్తే కోస్తా, రాయలసీమల అసెంబ్లీ స్థానాలు 187 నుంచి 175కు తగ్గాయి. తెలంగాణవి 107 నుంచి 119కి పెరిగాయి. పెరిగింది తెలంగాణ పల్లె అనుకుంటే పొరపాటు. హైదరాబాద్‌కు 15, పాత రంగారెడ్డి జిల్లాకు 14 వచ్చాయి. అంటే 119లో దాదాపు నాలుగో వంతు రాజధాని చుట్టూనే చేరింది. అవతలి కొసన విజయనగరం జిల్లా 12 నుంచి 9కి పడిపోయింది. నాగూరు, తెర్లాం, ఉత్తరాపల్లి, సతివాడ, భోగాపురం పోయాయి. కురుపాం, నెల్లిమర్ల కొత్తగా వచ్చాయి. భోగాపురం నుంచి పదేపదే గెలిచిన పతివాడ నారాయణస్వామి నాయుడు 2014లో నెల్లిమర్ల నుంచి గెలిచి, విభజన తరవాతి తొలి సభకు ప్రొటెం స్పీకరయ్యారు. స్థానం పోయినా ఆయన నిలదొక్కుకున్నారు. అంతర్జాతీయ విమానాశ్రయం పుణ్యమా అని భోగాపురం పేరు ఇవాళ దేశమంతా వినిపిస్తోంది గానీ, శాసనసభలో ఆ పేరుతో కుర్చీ లేదు.

అన్నిటిలోకీ పార్వతీపురం కథ వేరు. తెలుగునాట మరే పల్లె స్థానమూ దేశపు ఎన్నికల పద్ధతిని అంతగా కుదిపి ఉండదు.

1957లో పార్వతీపురం ద్విసభ్య నియోజకవర్గం. అంటే ఒకే హద్దులో ఇద్దరు ఎంపీలు. అందులో ఒక సీటు షెడ్యూల్డ్ తెగలకు రిజర్వు. ప్రతి ఓటరుకూ రెండు ఓట్లు. రెండూ ఒకరికే వేయకూడదు. బ్యాలెట్ మీద ముద్ర కొట్టే పద్ధతి అప్పటికింకా రాలేదు. తెర వెనక అభ్యర్థికొక పెట్టె, దాని మీద గుర్తు. తనకిచ్చిన కాగితాలను ఓటరు నచ్చిన పెట్టెల్లో వేసి రావాలి. లెక్కింపులో ముందుగా గిరిజన అభ్యర్థుల్లో ఎక్కువ ఓట్లు వచ్చినవారికి రిజర్వుడు సీటు ఇస్తారు. ఆ తరవాత మిగిలినవాళ్లందరిలో ఎవరికి ఎక్కువ వస్తే వాళ్లకు రెండో సీటు. రెండో సీటుకు కులం, తెగ అడ్డురావు.

ఆ ఏడు కాంగ్రెస్ తరఫున జనరల్ సీటుకు నిలబడినవారు వి.వి.గిరి. అప్పటికే కేంద్రంలో కార్మిక మంత్రిగా చేసి, 1954లో బ్యాంకు ఉద్యోగుల వివాదంలో రాజీనామా చేసి వచ్చిన పెద్దమనిషి. 1952లో ఆయన గెలిచిన పాతపట్నం లోక్‌సభ స్థానం ఆ ఒక్క ఎన్నికతోనే అంతరించింది. పార్వతీపురంలో రిజర్వుడు సీటు కాంగ్రెస్‌కే చెందిన బిడ్డిక సత్యనారాయణకు దక్కింది. రెండో సీటు గిరిదే అనుకుంటుంటే, కొన్ని వందల ఓట్ల తేడాతో మరో గిరిజన అభ్యర్థి దిప్పల సూరిదొర ముందుకొచ్చారు. రెండు సీట్లూ గిరిజనులవే అయ్యాయి. కాబోయే రాష్ట్రపతి ఓడిపోయారు.

గిరి ఊరుకోలేదు. రిజర్వుడు సీటు కోసం నామినేషన్ వేసిన మనిషికి జనరల్ సీటు ఎలా ఇస్తారని వాదించారు. పైగా సూరిదొర కుటుంబం క్షత్రియ ఆచారాలు పాటిస్తోంది కాబట్టి ఆయనను గిరిజనుడిగా లెక్కించకూడదని మరో వాదన. 1959లో సుప్రీంకోర్టు రెండింటినీ తోసిపుచ్చింది. జనరల్ సీటంటే గిరిజనేతరులకు రాసిచ్చిన సీటు కాదని, ఎక్కువ ఓట్లు ఎవరికి వస్తే వారిదేనని తేల్చింది. ఈలోగా గిరి ఉత్తరప్రదేశ్ గవర్నరుగా వెళ్లారు. 1969లో రాష్ట్రపతి అయ్యారు. ఆయన ఓటమి ఢిల్లీలో మాత్రం గుబులు పుట్టించింది. దేశంలో అప్పటికి ఇలాంటి ద్విసభ్య స్థానాలు 91. ఒక్కోచోట రెండు సీట్లూ రిజర్వుడు వర్గాలకే పోతే మిగతావాళ్లు ఏమైపోవాలన్న మాట పార్లమెంటులో వినిపించింది. 1961లో చట్టం చేసి ద్విసభ్య స్థానాలన్నిటినీ రెండేసి ముక్కలు చేశారు. కారణాలు ఇంకా ఉన్నాయి. రెట్టింపు విస్తీర్ణం, రెట్టింపు ఖర్చు అన్నవి నిజమైన ఇబ్బందులే. అయినా ఒక గిరిజనుడు అందరి ఓట్లతో జనరల్ సీటు గెలవడం వ్యవస్థకు చిక్కుగా కనిపించిందంటే, ఆ కాలపు ఆలోచన ఎలా ఉండేదో ఊహించుకోవచ్చు.

తరవాత పార్వతీపురం ఏకసభ్య ఎస్టీ స్థానంగా కొనసాగింది. బిడ్డిక సత్యనారాయణ 1962లో, 1971లో గెలిచారు. ఈ రెండు ఎన్నికల మధ్యలో ఆ కొండల్లో చరిత్ర మరో తోవ పట్టింది. 1967 అక్టోబరు 31న మొండెంఖల్లు సభకు వెళుతున్న గిరిజనుల మీద లేవిడి దగ్గర కాల్పులు జరిగి కోరన్న, మంగన్న చనిపోయారు. అక్కడి నుంచి శ్రీకాకుళ గిరిజన రైతాంగ పోరాటం సాయుధ రూపం తీసుకుంది. ఆ పోరాట నేతలు వెంపటాపు సత్యనారాయణ, ఆదిభట్ల కైలాసం 1970 జులైలో హతమయ్యారు. ఆపై పార్వతీపురం కుట్రకేసు ఏళ్లతరబడి నడిచింది. గిరిజన భూములు గిరిజనేతరుల చేతుల్లోకి పోకుండా 1959లోనే నిబంధన ఉన్నా, దానికి పళ్లు మొలిచింది 1970 సవరణతోనే. ఇదంతా ఎంపీల ఘనత అనలేం. ఓటు పెట్టె బయట జరిగిన కథ ఓటు పెట్టెను కదిలించింది.

1977 నుంచి వరసగా మూడుసార్లు, మళ్లీ 2004లో గెలిచిన కిశోర్ చంద్రదేవ్ కురుపాం జమీందారీ కుటుంబీకుడు. దివాణం మనిషే అయినా ఆ ప్రాంతపు అసలు సమస్యను పట్టుకున్నారని ఒప్పుకోవాలి. అటవీ హక్కుల బిల్లు మీద వేసిన సంయుక్త పార్లమెంటరీ సంఘానికి ఆయనే అధ్యక్షుడు. 2006 చట్టం ఆ సంఘం వడపోత నుంచి వచ్చిందే. 2011లో కేంద్ర గిరిజన వ్యవహారాల మంత్రి అయ్యేనాటికి ఆయన అరకు ఎంపీ. పార్వతీపురం ఎంపీ అన్న హోదా అప్పటికి పాత రికార్డుల్లోకి చేరింది.

అరకు ఎలాంటి స్థానమో చూస్తే లెక్క ఎక్కడ తప్పిందో తెలుస్తుంది. పాలకొండ, కురుపాం, పార్వతీపురం, సాలూరు, అరకులోయ, పాడేరు, రంపచోడవరం. అప్పటి నాలుగు జిల్లాల్లో పరుచుకున్న ఏడు సెగ్మెంట్లు. ఈ కొస నుంచి ఆ కొసకు ఘాట్ రోడ్డు మీద పోవాలంటే ఒక పగలంతా చాలదు. నియోజకవర్గాల హద్దులు గీసేటప్పుడు కొండలు, నదులు, రవాణా సౌకర్యం, జిల్లా హద్దులు, ప్రజల వీలు చూడాలని 2002 చట్టం తొమ్మిదో సెక్షన్ చెబుతుంది. గిరిజనుల శాతం ఎక్కడ ఎక్కువుంటే అక్కడ రిజర్వేషన్ పెట్టాలనీ అదే చెబుతుంది. రెండోది అంకె కాబట్టి నిలిచింది. మొదటిది ‘వీలైనంత వరకు’ అన్న మాటలో కొట్టుకుపోయింది. ఎస్టీ లోక్‌సభ స్థానాలు రెండు నుంచి మూడుకు పెరిగిన మాట నిజమే. అరకు, మహబూబాబాద్, ఆదిలాబాద్ రిజర్వయ్యాయి. అంతకుముందున్న పార్వతీపురం, భద్రాచలం మాత్రం రెండూ పేరు లేకుండా పోయాయి. 2022 ఏప్రిల్ 4న పార్వతీపురం మన్యం జిల్లా ఏర్పడి ఆ ఊరికి కలెక్టరేటు వచ్చింది. ఎంపీ స్థానం పోయిన ఊరికి పద్నాలుగేళ్లకు జిల్లా పీఠం దక్కిందన్నమాట.

గోదావరికి ఇటువైపు మిర్యాలగూడది కూడా ద్విసభ్య పద్ధతి నుంచి పుట్టిన కథే. 1952లో నల్లగొండ ద్విసభ్య స్థానం. రావి నారాయణరెడ్డి మూడు లక్షలకు పైగా ఓట్లతో నెహ్రూ కంటే ఎక్కువ తెచ్చుకున్నది అక్కడే. ద్విసభ్య స్థానాలు రద్దయ్యాక 1962లో ఆ నల్లగొండ రెండుగా చీలి మిర్యాలగూడ వేరుపడింది. తొలి ఎంపీ సీపీఐకి చెందిన లక్ష్మీదాస్. తెలంగాణ సాయుధ పోరాటంలో దళాలు నడిపిన భీమిరెడ్డి నర్సింహారెడ్డి సీపీఎం తరఫున 1971, 1984, 1991లో గెలిచారు. ఆయన చెల్లెలు మల్లు స్వరాజ్యం 1978, 1983లో తుంగతుర్తి ఎమ్మెల్యే. మధ్యమధ్యలో కాంగ్రెస్ నుంచి జి.ఎస్.రెడ్డి, తరవాత బద్దం నర్సింహారెడ్డి. ఎర్రజెండా, మూడురంగుల జెండా వంతులు వేసుకున్నట్టుగా నడిచిన స్థానమది.

దాని లోపల రెండు లోకాలుండేవి. నాగార్జునసాగర్ ఎడమ కాలువ పారే మిర్యాలగూడ, హుజూర్‌నగర్, కోదాడ వైపు రెండు పంటల వరి, వీధి పొడుగునా రైసు మిల్లులు. సూర్యాపేట, తుంగతుర్తి వైపు చెరువు నిండితేనే నాటు, లేకపోతే బీడు. శ్రీరాంసాగర్ రెండో దశ నీళ్లు ఈ మెట్టకు తేవాలని భీమిరెడ్డి జీవితకాలం కొట్లాడారు. కాలువ కింది ఓటూ, మెట్ట ఓటూ ఒకే ఎంపీ కింద ఉండటంతో ఆ కొట్లాట ఢిల్లీ దాకా వెళ్లింది. 2008లో తుంగతుర్తి భువనగిరిలోకి పోయింది. మిర్యాలగూడ, కోదాడ, సూర్యాపేట నల్లగొండలో కలిశాయి. 1999లో, 2004లో మిర్యాలగూడ నుంచి గెలిచిన ఎస్.జైపాల్‌రెడ్డి 2009లో చేవెళ్లకు మారి గెలిచారు. సిద్దిపేట ఎంపీ సర్వే సత్యనారాయణ మల్కాజిగిరికి మారి గెలిచారు. పల్లె జనం ఉపాధి కోసం పోయిన దారిలోనే వాళ్ల ఎంపీలూ పోయారు. తేడా ఏమిటంటే ఎంపీలకు అక్కడ సీటు సిద్ధంగా ఉంది.

మిగతా స్థానాల కథలు చిన్నవి కావు గానీ వేగంగా చెప్పొచ్చు. హనుమకొండ పి.వి.నరసింహారావును 1977, 1980లో గెలిపించి, 1984లో చందుపట్ల జంగారెడ్డి చేతిలో ఓడించింది. ఆ ఎన్నికల్లో బీజేపీకి దేశం మొత్తమ్మీద వచ్చిన రెండు సీట్లలో అదొకటి. ఇంకో విడ్డూరం ఏమిటంటే, 2008 ఫిబ్రవరిలో కొత్త హద్దులకు రాష్ట్రపతి ఆమోదం వచ్చింది. తెలంగాణ కోసం టీఆర్ఎస్ సభ్యులు రాజీనామా చేయడంతో అదే ఏడు మే నెలలో హనుమకొండకు పాత హద్దుల మీద ఉప ఎన్నిక జరిగింది. కాగితం మీద కాలం చెల్లిన స్థానానికి జనం క్యూ కట్టి ఓటేశారు. గెలిచిన బి.వినోద్‌కుమార్ పదవి ఏడాదికే ముగిసింది. సిద్దిపేట జి.వెంకటస్వామికి 1967 నుంచి మూడు విజయాలిచ్చిన స్థానం. తెనాలి 1957లో ఆచార్య రంగాది.

అసెంబ్లీ స్థాయిలో పోయిన పేర్లు రాస్తే పుట నిండుతుంది. దుగ్గిరాల, కూచినపూడి, ఉయ్యూరు, కంకిపాడు, పెనుగొండ, అత్తిలి, ఆలమూరు, కోవెలకుంట్ల, లక్కిరెడ్డిపల్లి, వాయల్పాడు, గుత్తి, రాపూరు, కంభం, రామన్నపేట, చేర్యాల, ఇందుర్తి. వాయల్పాడులో గెలుస్తూ వచ్చిన నల్లారి కిరణ్‌కుమార్‌రెడ్డి 2009లో పీలేరుకు మారి, మరుసటి ఏడే ముఖ్యమంత్రి అయ్యారు. చలకుర్తిలో గెలిచిన జానారెడ్డి నాగార్జునసాగర్‌కు మారారు. అక్కడ ఊరి పేరు పోయి డ్యాం పేరు వచ్చింది, అంతే. పెద్ద నాయకుడున్న చోట స్థానం పోవడం వార్త కాలేదు. మండల స్థాయి కార్యకర్త పరిస్థితి అలా కాదు. నిన్నటిదాకా ఎమ్మెల్యేను పేరుపెట్టి పలకరించినవాడు, హద్దు మారాక కొత్త ఎమ్మెల్యే ఇంటి గుమ్మం ముందు వరసలో నిలబడాల్సి వచ్చింది.

జనాభా లెక్కతో పనిలేకుండా హద్దు మారిన ఉదంతం కూడా ఒకటుంది. దానికి కారణం పోలవరం ప్రాజెక్టు. 2014 ఏప్రిల్ 30న భద్రాచలం అసెంబ్లీ ఓటర్లు సీపీఎం అభ్యర్థి సున్నం రాజయ్యను గెలిపించారు. జూన్ 2న తెలంగాణ ఏర్పడింది. ముంపు మండలాలు ఆంధ్రప్రదేశ్‌కు పోయాయి. చింతూరు, కూనవరం, వి.ఆర్.పురం వెళ్లిపోగా భద్రాచలం పట్టణం తెలంగాణలో ఉండిపోయింది. రాజయ్య సొంతూరు వి.ఆర్.పురం మండలంలోనిది. ఆయనేమో తెలంగాణ ఎమ్మెల్యే, ఆయన ఊరేమో ఆంధ్రప్రదేశ్‌ది. ఆ మండలాల జనం 2019 దాకా తాము ఓటేసిన సభ ఒకటి, తమను పాలించే సభ ఒకటిగా ఐదేళ్లు గడిపారు. ముంపు, పరిహారం, పునరావాసం నలిగిన కాలమే అది. ఆంధ్రప్రదేశ్ సభలో వాళ్ల తరఫున లేచి నిలబడే ఎమ్మెల్యే లేడు. 2019లో రాజయ్య రంపచోడవరం నుంచి పోటీ చేసి ఓడిపోయారు. ఓట్లు సమానంగా పంచడం గురించి వాదోపవాదాలు ఎన్ని నడిచినా, ఓటు ఉండి ప్రతినిధి లేని ఈ ఐదేళ్ల గురించి పట్టించుకున్నవాళ్లు తక్కువ.

ముందున్నది మరో పెద్ద విడత. రాష్ట్ర పునర్విభజన చట్టం 26వ సెక్షన్ ఆంధ్రప్రదేశ్ అసెంబ్లీ స్థానాలను 225కు, తెలంగాణవి 153కు పెంచాలంది. జమ్మూకశ్మీర్‌లో నియోజకవర్గాల పునర్విభజన చేసి మాకెందుకు చేయరని కొందరు కోర్టుకెక్కారు. 2026 తరవాతి తొలి జనగణన వరకు రాజ్యాంగం ఒప్పుకోదని 2025 జులైలో సుప్రీంకోర్టు తోసిపుచ్చింది. జనగణనకు 2027 మార్చి 1ని ప్రామాణిక తేదీగా ప్రకటించారు. ఈసారి మొత్తం సీట్లు పెరిగితే పల్లెకు 2008 నాటి దెబ్బ అంత గట్టిగా తగలకపోవచ్చు. పెరగకుండా మళ్లీ సర్దుబాటుతోనే సరిపెడితే ఉత్తరాంధ్ర, రాయలసీమ మెట్ట, నల్లగొండ పల్లెలు మరికొన్ని స్థానాలు వదులుకోక తప్పదు. ఎందుకంటే హైదరాబాద్, విశాఖ చుట్టూ జనం 2001 తరవాత ఇంకా చిక్కబడ్డారు.

పోయిన స్థానం తిరిగి రాదని ఏమీ లేదు. హుజూర్‌నగర్ అసెంబ్లీ స్థానం 1970లలో రద్దయి, దాని బదులు 1978లో కోదాడ వచ్చింది. 2009లో కోదాడ ఉండగానే హుజూర్‌నగర్ మళ్లీ లేచింది. కోదాడ ఎమ్మెల్యేగా ఉన్న ఉత్తమ్‌కుమార్‌రెడ్డి అక్కడికి మారి గెలిచారు. చట్టం చెప్పినంత పెంపు జరిగితే ఆంధ్రప్రదేశ్‌లో 50, తెలంగాణలో 34 స్థానాలకు కొత్తగా పేర్లు వెతకాలి. తెర్లాం, సతివాడ, రామన్నపేట, చేర్యాల ఆ జాబితాకు ఎక్కాలంటే ముందుగా ఎవరో ఒకరు కమిషన్ బహిరంగ విచారణకు అర్జీ పట్టుకుని వెళ్లాలి. ఆ అర్జీలో జనాభా అంకెతోపాటు కొండ, వాగు, బస్సు రాని దారి కూడా రాయాలి. తొమ్మిదో సెక్షన్ లాంటి నిబంధన కొత్త చట్టంలో ఉన్నా, అడిగేవాళ్లు లేకపోతే దాన్ని ఎవరూ తెరిచి చూడరు.